గురువారం దిగుతాడని రాసింది నేనే

ఇరవై ఆరేళ్ళు నేను సాఫ్ట్‌వేర్ టెస్టింగ్ చేశాను. అంటే ఇతరులు చేసిన తప్పును పట్టుకోవడం, ఏ లైనులో ఎవరు చేశారో రాయడం, పదిమందికీ ఈమెయిల్ పెట్టడం. ఆ పని చాలా బాగా చేసేదాన్ని. నా కింద పనిచేసిన కుర్రాళ్ళు ఇప్పటికీ అమెరికాలో మా ఊరు నేపర్‌విల్‌లో ఇండియన్ స్టోర్‌లో కనిపిస్తే చేతిలో బుట్ట కింద పెట్టి మరీ నమస్కారం చేస్తారు. జ్ఞానప్రసూన కంట పడితే ఏదో ఒక తప్పు బయటికి లాగుతుందని వాళ్ళ భయం. ఆ భయం నాకు నచ్చేది కూడా, దాచడం ఎందుకు.

అలాంటి నేను చేసిన తప్పు గురించి ఇది. యుద్ధం నుంచి నూట ఇరవై మంది ఇంటికి రావలసిన రోజును పదకొండు రోజులు వెనక్కి నెట్టిన తప్పు. దీన్ని మావారు గోపాల్ చెబితే నన్ను వెనకేసుకొస్తారు. మా వియ్యాలవారు చెబితే మా అబ్బాయి మీదికి తోస్తారు. అందుకని నేనే చెబుతున్నాను.

మా అబ్బాయి మానవ్ నాలుగేళ్ళు ప్రొఫెషనల్ ఫుట్‌బాల్ ఆడాడు. మనం కాలితో తన్నే ఆట కాదు. అమెరికావాళ్ళు హెల్మెట్లు పెట్టుకుని, కోడిగుడ్డు ఆకారంలో ఉన్న బంతిని చంకలో పెట్టుకుని పరిగెత్తే ఆట. అందులోనూ మావాడు పరిగెత్తేవాడు కాదు, విసిరేవాడు కాదు, తన్నేవాడూ కాదు. వాడి పనిని లాంగ్ స్నాపర్ అంటారు. జట్టు బంతిని తన్ని పాయింట్లు తెచ్చుకోవాల్సి వచ్చినప్పుడు వీడు అందరికన్నా ముందు నడుం వంచి నిలబడి, తన కాళ్ళ మధ్య నుంచి బంతిని వెనక్కి పంపుతాడు. ఎనిమిది గజాల వెనక మోకాలి మీద కూర్చున్న మనిషి చేతుల్లోకి అది సూటిగా వెళ్ళాలి. ఆ మనిషి దాన్ని నేల మీద నిలబెడితే ఇంకొకతను తన్నుతాడు. ఈలోగా ఎదుటి జట్టులో మూడు వందల పౌండ్ల మనిషి ఒకడు వచ్చి మావాడి మీద పడతాడు.

మొదటిసారి స్టేడియంలో చూసి మావారు, "దీనికా వీడు సివిల్ ఇంజనీరింగ్ చదివింది" అన్నారు. నాకు మాత్రం ఆ పని మొదటి రోజే అర్థమైంది. సరిగ్గా చేస్తే ఎవరూ పేరు కూడా తలవరు, తప్పు చేస్తే దేశమంతటికీ పేరు తెలిసిపోతుంది. మూడేళ్ళ పదకొండు నెలల పాటు మావాడి పేరు ఎవరికీ తెలియదు. అది చూసి నేను మురిసిపోయేదాన్ని.

నాలుగో ఏడు చివరి మ్యాచ్. వర్షం. మూడు సెకన్లు మిగిలాయి. ఒక్క తన్నుతో గెలుపు. మావాడు పంపిన బంతి వెనక కూర్చున్నవాడి తల మీదుగా రెండడుగుల ఎత్తున పోయింది. నేను గొడుగు కింద నిలబడి చూశాను. మ్యాచ్ అయ్యాక వాడు తన లాకర్ ముందు కెమెరాల మధ్య నలభై నిమిషాలు నిలబడ్డాడు. వచ్చిన ప్రతివాడికీ ఒకటే జవాబు: "బాల్ హై వెళ్ళింది. పంపింది నేను." వర్షం మాట ఎత్తలేదు, బంతి తడిసిందని అనలేదు.

కారులో నాకు ఒళ్ళు మండిపోయింది. "వర్షం పడుతోందని ఒక్క ముక్క అనచ్చు కదరా. అబద్ధం కూడా కాదే" అన్నాను.

"అమ్మా, ఆ ప్లేలో ముగ్గురం ఉన్నాం. నా మిస్టేక్ అని నేను చెప్పకపోతే, వాళ్ళు మిగతా ఇద్దరిలో ఒకణ్ణి పట్టుకుంటారు" అన్నాడు.

"వాళ్ళని చూసుకోవడానికి వాళ్ళ అమ్మలు లేరా?" అన్నాను. వాడు ఇంటికొచ్చాక చారన్నం తిని పడుకున్నాడు.

ఆ వసంతంలో జట్టు వాడిని వదులుకుంది. ఎంబీయే చేస్తాడనుకుంటే వెళ్ళి ఆర్మీలో చేరి ఆఫీసరయ్యాడు. అఫ్గానిస్తాన్ యుద్ధం జోరుగా సాగుతున్న రోజులవి. వాడిని ఆపలేదని మావారు నాతో వారం రోజులు మాట్లాడలేదు. నేను రెండు రోజులు ఏడ్చాను. మూడో రోజు తెలుగువాళ్ళ పిక్నిక్‌లో ఆ సంగతి అందరికీ నేనే చెప్పి, "అయ్యో" అన్నవాళ్ళ వంక ఒక్కొక్కరినీ తేరిపార చూశాను. తర్వాత ఎవరూ అయ్యో అనలేదు.

నేను చెప్పే సంగతి జరిగేనాటికి వాడు కెప్టెన్. మా ఇల్లినాయిలోనే ఉన్న ఒక రిజర్వ్ కంపెనీకి, అంటే ఒక సైనిక దళానికి, కమాండర్. రోడ్లలో పాతిపెట్టిన బాంబులు వెతికి తీసే పని వాళ్ళది. వీళ్ళు ముందు నడిస్తేనే వెనక లారీలు కదులుతాయి. నూట ఇరవై మందితో అఫ్గానిస్తాన్ వెళ్ళాడు. ప్రతి ఆదివారం ఫోన్ రాగానే నేను మొదట అడిగేది, ఎంతమంది ఉన్నారని. పదో నెలలో కూడా నూట ఇరవై అనే చెప్పాడు.

వాడికి పెళ్ళి కుదిరింది వెళ్ళే ముందే. వేద అని, క్యారీ అనే ఊళ్ళో మందుల కంపెనీలో పనిచేసే అమ్మాయి, కాలేజీ నుంచి వాడిని ఎరుగును. మాఘమాసంలో ముహూర్తాలున్నాయి, ఆ తర్వాత మూఢమి, మళ్ళీ మే దాకా పెళ్ళి మాట ఎత్తొద్దన్నారు పంతులుగారు. ఆర్మీవాళ్ళేమో ఫిబ్రవరిలో వస్తారని తప్ప తేదీ చెప్పరు. సైనికుల కుటుంబాలకి నెలకొకసారి మీటింగ్ ఉండేది. దాన్ని నడిపే డోనహ్యూ అనే ఆవిడ ప్రతిసారీ ఒకటే పాఠం చెప్పేది: తేదీ గానీ, చోటు గానీ, విమానం గానీ మీకు తెలిసినా ఫోన్‌లో వద్దు, ఫేస్‌బుక్‌లో వద్దు, మీ అమ్మమ్మకి కూడా వద్దు, బయటికి పొక్కితే ప్రయాణమే మార్చేస్తారు. నేను ముందు వరసలో కూర్చుని ఇదంతా నోట్సు రాసుకున్నాను.

రాసుకుని, ఆ ఆదివారమే వాడిని ఫోన్‌లో పట్టుకున్నాను.

"పంతులుగారు మూడు ముహూర్తాలు ఇచ్చారు. నేను చదువుతాను. కుదరనిదానికి కాదు అను. కుదిరేదానికి మాట్లాడకు."

"అమ్మా, దట్స్ ద సేమ్ థింగ్."

"ఫిబ్రవరి నాలుగు, శుక్రవారం."

"కాదు."

"ఆరు, ఆదివారం."

"కాదు. అమ్మా, ఇది చీటింగ్."

"పదమూడు, ఆదివారం, పొద్దున్న పది నలభై రెండు."

ఫోన్‌లో గాలి చప్పుడు తప్ప ఏమీ వినిపించలేదు. నేను క్యాలెండర్‌లో పదమూడు చుట్టూ గీత గీసుకున్నాను.

అక్కడితో ఊరుకుంటే సరిపోయేది. కానీ పెళ్ళికొడుకుని చేసే ముచ్చట ఒకటుంది కదా. తలంటి, నలుగు పెట్టి, బుగ్గన చుక్క పెట్టాలంటే మనిషి ఇంట్లో ఉండాలి. మరుసటి ఆదివారం మళ్ళీ మొదలుపెట్టాను. "శుక్రవారం నిన్ను పెళ్ళికొడుకుని చెయ్యాలిరా. నువ్వు ఇంట్లో ఉంటావా ఉండవా? ముత్తైదువలని పిలవనా వద్దా?"

 ఎన్నో ఊళ్ళ స్టేడియంలలో, ఎన్నో వేలమంది కేకల మధ్య నోరు విప్పనివాడు. తల్లి దగ్గర మాత్రం విప్పాడు. "గురువారం దిగుతాం. టెన్త్. ఇది నీకూ నాకూ మధ్య, ఓకే? నాన్నకి కూడా చెప్పకు."

"చెప్పనురా" అన్నాను. మనస్ఫూర్తిగానే అన్నాను.

వారం తిరక్కుండా వేద వాళ్ళ బాబాయి ఎవరింట్లోనో అన్న మాట నా చెవిన పడింది. పెళ్ళికొడుకు రాకపోతే ఏం చేస్తారట, ఫోటో పెట్టి తాళి కట్టిస్తారా అన్నాడట. నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. ఆ సాయంత్రమే కంప్యూటర్ ముందు కూర్చుని ఆన్‌లైన్ పెళ్ళి ఆహ్వానం తయారుచేశాను. గణపతి బొమ్మ పెట్టాను, యూనిఫాంలో వాడి ఫోటో పెట్టాను. దాని కింద ఇలా రాశాను: "మా చిరంజీవి కెప్టెన్ మానవ్ అఫ్గానిస్తాన్‌లో తన బాధ్యత పూర్తిచేసుకుని, తన కంపెనీ నూట ఇరవై మందితో సహా ఫిబ్రవరి పదో తేదీ గురువారం మధ్యాహ్నం దిగుతున్నాడు." ఏ విమానాశ్రయంలో దిగుతారో మీటింగులో స్వాగతం ఏర్పాట్లు చూసేవాళ్ళు తమలో తాము మాట్లాడుకుంటుంటే విన్నాను. అదీ రాశాను. ఇంగ్లీషులో ఒకసారి, తెలుగులో ఒకసారి. ఇక ఎవరు నోరెత్తుతారో చూద్దామని మూడు వందల మందికి పంపాను.

ఆ పేజీని పిలిచినవాళ్ళు మాత్రమే చూసేలా పెట్టడానికి ఒక బటన్ ఉంటుంది. దాన్ని నేను నొక్కలేదు. ఇరవై ఆరేళ్ళు ఇతరుల చేత అలాంటి బటన్లు నొక్కించినదాన్ని. తెలుగువాళ్ళ వెబ్‌సైట్ ఒకటి మన వీరుడికి అభినందనలంటూ ఆ పేజీని యథాతథంగా ఎత్తి పెట్టుకుంది. నేను చూసి సంతోషించాను కూడా.

ఫిబ్రవరి రెండో తేదీ బుధవారం డోనహ్యూ ఫోన్ చేసింది. గొంతు పొడిగా ఉంది. తేదీ ఇంటర్నెట్‌లో బయటపడిందని, రోజు, చోటు, కంపెనీ అన్నీ ఒకేచోట ఉన్నాయని, అందుకని ప్రయాణం పదకొండు రోజులు వాయిదా వేశారని చెప్పింది. అక్కడి నుంచి ఫోన్లు కూడా ఆపేశారట. ఎవరు పెట్టారో తనకి చెప్పలేదంది. కానీ ఆడవాళ్ళందరూ అప్పటికే ఒక పేరు అనుకుంటున్నారు.

ఆ పేరు కేలీ. ఇరవై ఏళ్ళ పిల్ల. కంపెనీలో టైలర్ అనే కుర్రాడి భార్య. నిండు నెలల గర్భిణి. రంగుకాగితాలతో గొలుసు చేసి గోడకి వేలాడదీసి, రోజుకొక వలయం కత్తిరిస్తూ, ఆ ఫోటో ఫేస్‌బుక్‌లో పెట్టేది. దాన్నిబట్టి లెక్కేస్తే ఎవరికైనా తేదీ తెలిసిపోతుందని వాళ్ళ వాదన. నేను వెంటనే వెళ్ళి ఆ ఫోటో చూశాను. వలయాలున్నాయి తప్ప రోజు పేరు లేదు, చోటు లేదు, కంపెనీ లేదు. ఈ మూడూ ఒకేచోట ఉన్నది ప్రపంచంలో ఒకే ఒక్క పేజీలో, దాని మీద గణపతి బొమ్మ ఉంది. ఆ పిల్లకి దీనితో సంబంధం లేదని తేల్చడానికి నాకు నాలుగు నిమిషాలు పట్టింది.

పేజీ తీసేశాను. వెబ్‌సైట్‌వాళ్ళ చేత కూడా తీయించాను. అప్పుడు మావారికి చెప్పాను.

ఆయన గడ్డం నిమురుకున్నారు. "తీసేశావుగా. ఊరుకో ఇంక" అన్నారు.

"ఆ పిల్లని అంటున్నారండీ."

"నాలుగు రోజులు అంటారు, మానేస్తారు. నువ్వు చెబితే నీకు తేదీ ఎవరిచ్చారని అడగరా? ఆర్మీలో అది చిన్న విషయం కాదు ప్రసూనా. వాడి ఉద్యోగానికే ఎసరు పెట్టినట్టవుతుంది. రేపో మాపో మేజర్ అవ్వాల్సినవాడు."

ఆయన అన్నది నిజం. నేను చెబితే నా కొడుకు బలవుతాడు. చెప్పకపోతే ఎవరి కూతురో బలవుతుంది. నాది కాని పిల్ల కాబట్టి రెండోదే తేలిక అనుకున్నాను. గురువారం అనుకున్నాను, శుక్రవారం కూడా అనుకున్నాను. ఆ రెండు రోజులూ మావాడు లాకర్ ముందు నిలబడ్డ తీరే కళ్ళ ముందు మెదిలింది. ఆ ముగ్గురిలో మిగతా ఇద్దరి తల్లులు ఎలా ఉంటారో, ఆ రాత్రి వాళ్ళెంత ఊపిరి పీల్చుకుని ఉంటారో మొదటిసారి ఆలోచించాను. కారులో నేనన్న మాటకి సిగ్గేసింది.

శనివారం పొద్దున్న మీటింగ్‌కి వెళ్ళాను. పొడుగాటి హాలు, మడత కుర్చీలు, గోడ పక్కన కాఫీ డ్రమ్ము, డోనట్ల పెట్టెలు. మధ్యలో బల్ల మీద స్పీకర్ ఫోన్ పెట్టారు. కమాండర్ అక్కడి నుంచి పది గంటలకి మాట్లాడతాడని చెప్పారు. కేలీ వెనక వరస చివర కూర్చుంది. ఆమెకి ఇటు మూడు కుర్చీలు ఖాళీ, ముందు మూడు ఖాళీ. డోనట్ ఎవరూ తెచ్చివ్వలేదు.

నా ముందు కూర్చున్న ఎర్రజుట్టావిడ వెనక్కి తిరక్కుండానే, హాలంతా వినేలా అంది. "కొందరు ఫేస్‌బుక్‌లో కాగితాలు కత్తిరించుకుంటూ కూర్చోకపోతే, మా ఆయన గురువారం ఇంట్లో ఉండేవాడు."

"నేను చోటు పెట్టలేదు. నాకు చోటే తెలియదు" అంది కేలీ. ఎవరూ తల తిప్పలేదు. ఆ పిల్ల రెండు చేతులూ పొట్ట మీద పెట్టుకుని నేల వంక చూసింది.

నేను ఇంటి దగ్గరే ఒక అబద్ధం సిద్ధం చేసుకున్నాను. తప్పు నాదని చెబుతాను, తేదీ ఎవరిచ్చారంటే నేనే ఊహించానంటాను. ముహూర్తాలు లెక్కేసి కనిపెట్టానంటే ఈ అమెరికావాళ్ళు నమ్మి తీరుతారు. కేలీ బయటపడుతుంది, మానవ్ మీదికీ రాదు. చాలా శుభ్రమైన పథకం అనిపించింది నాకు.

పది గంటలకి ఫోన్ మోగింది. "గుడ్ మార్నింగ్" అన్నాడు మానవ్. ఆ గొంతు నాతో మాట్లాడే గొంతు కాదు, లోతుగా, తొందర లేకుండా ఉంది. "నూట ఇరవై మందీ బాగున్నారు. ముందు అది చెప్పాలి. ఇక తేదీ బయటికి ఎలా వచ్చిందన్న సంగతి..."

నేను లేచి నిలబడ్డాను.

"అది నేను" అన్నాను. "కేలీ కాదు. రోజు, చోటు, కంపెనీ అన్నీ ఒకే పేజీలో పెట్టింది నేను. నా కొడుకు పెళ్ళి ఆహ్వానంలో పెట్టాను. ఆ పేజీని ఊరంతా చూసేలా వదిలేసింది కూడా నేనే. బుధవారం నుంచీ నాకు తెలుసు. ఈ అమ్మాయి ఫోటోలో మీరు అంటున్నవేవీ లేవు, నేను చూశాను. పక్కవాళ్ళ తప్పులు వెతకడం నా వృత్తి. నా మాట నమ్మండి."

కుర్చీలు కిర్రుమన్నాయి. అందరూ నావైపు తిరిగారు. ఎర్రజుట్టావిడ ముఖం కూడా జుట్టంత ఎర్రగా అయింది. "మీకు తేదీ ఎవరు చెప్పారు?" అని అడిగింది.

"ఎవరూ..." అని మొదలుపెట్టాను.

"నేను చెప్పాను" అంది బల్ల మీది ఫోన్.

 మానవ్ అదే గొంతుతో చెప్పుకుపోయాడు. "మా అమ్మ అడిగింది, నేను చెప్పాను. ఎవరికీ చెప్పొద్దని మీ అందరికీ, ఇక్కడ నా వాళ్ళందరికీ ఆర్డర్ ఇచ్చినవాణ్ణి నేను. ఆ పేజీ మంగళవారం నాకు చూపించారు. అప్పుడే మా కల్నల్‌కి రాసిచ్చాను. ఈ రోజు మీతో ఆ మాట చెప్పడానికే ఫోన్ చేశాను. అమ్మ నాకన్నా ముందు చెబుతుందని అనుకోలేదు." తర్వాత ప్రయాణం సంగతికి వచ్చాడు. "మేం మూడు విమానాల్లో వస్తాం. నేను మూడోదాంట్లో ఆఖరున దిగుతాను. కేలీ, నీకు జరిగినదానికి సారీ. అది కూడా నా మీదే."

కూర్చుందామనుకున్నాను కానీ కుర్చీ ఎటుందో తెలియలేదు. పక్కనున్న ముసలాయన ఎవరో దాన్ని నా వెనక్కి జరిపాడు.

మావాడి ఫైలులో మందలింపు లేఖ పెట్టారు. తనతోపాటు చేరినవాళ్ళు మేజర్లయినప్పుడు వాడి పేరు రాలేదు. రెండేళ్ళు ఆలస్యంగా వచ్చింది. యుద్ధంలో ఒక్క మనిషిని కూడా పోగొట్టుకోని ఆఫీసర్‌కి, తల్లి అడిగిన ఒక తేదీ వల్ల. నేను దీన్ని ఎన్నిసార్లు తలచుకున్నానో లెక్కలేదు. వాడు మాత్రం ఒక్కసారి కూడా ఆ మాట ఎత్తలేదు.

మీటింగ్ అయిపోయాక జనం నా పక్కనుంచి మాట్లాడకుండా వెళ్ళిపోయారు. కేలీ మాత్రం నా దగ్గరికి వచ్చింది. అంత పొట్టతో అంత దూరం నడవడానికి చాలాసేపే పట్టింది. కొడుతుందేమో అనుకున్నాను. కొట్టినా బాగుండేది.

"బుధవారం నుంచీ తెలుసన్నారు" అంది. "బుధవారం నుంచీ నాతో ఎవరూ మాట్లాడలేదు. మీరు శనివారం దాకా ఆగారు."

"అవును" అన్నాను.

"పదహారున డెలివరీ అన్నారు. టైలర్ పక్కన ఉండాల్సింది. ఇప్పుడు ఉండడు. మా అమ్మ లేదు, అత్తగారు టెక్సస్‌లో ఉంది, రాలేదు." కళ్ళు తుడుచుకోకుండానే సూటిగా చూసింది. "అందుకని మీరు రావాలి."

"వస్తాను."

"క్షమించానని కాదు."

"నేను అడగలేదు" అన్నాను. ఫోన్ నంబర్ ఇచ్చాను. అది తన ఫోన్‌లో ఎక్కించుకుని వెళ్ళిపోయింది.

పదమూడో తేదీ ఆదివారం పొద్దున్న పది నలభై రెండుకి నేను వంటింట్లో గిన్నెలు తోముతున్నాను. వేద ఫోన్ చేసింది. "ఆంటీ, మేలో వెదర్ కూడా బాగుంటుంది. మా బాబాయిని నేను హ్యాండిల్ చేశాను, మీరు వర్రీ అవకండి" అంది. ఎలా హ్యాండిల్ చేసిందో అడగలేదు. ఆ పిల్ల మా ఇంటికి సరిపోతుందని మాత్రం అనుకున్నాను.

పదిహేడో తేదీ పొద్దున్న ఆరున్నరకి కేలీ నుంచి ఫోన్. "రండి" అన్న ఒక్కమాట. మంచులో ఆ పిల్ల ఉండే జోలియెట్ దాకా డ్రైవ్ చేసుకుంటూ వెళ్ళాను. ఆసుపత్రి గదిలోకి వెళ్ళగానే నర్సు నవ్వుతూ, "అమ్మమ్మగారా?" అని అడిగింది.

"కాదు. తేదీ లీక్ చేసినావిడ" అంది కేలీ, నొప్పి పళ్ళ బిగువున ఆపుకుంటూ.

నర్సుకి ఏమీ అర్థం కాలేదు. నేను కోటు విప్పి పక్కన పెట్టి, చెయ్యి అందించాను. ఆ చెయ్యి నాకు మళ్ళీ సాయంత్రం దాకా దొరకలేదు. ఊపిరి నెమ్మదిగా తీసుకో అన్నాను. నోరు మూసుకోండి అంది. నన్ను నోరు మూసుకోమని చెప్పి నిజంగా మూయించిన మనిషి ఈ భూమ్మీద ఆ పిల్ల ఒక్కతే. ఐసుముక్కలు నోట్లో పెట్టాను, నడుం రాశాను. తిడితే తిట్టించుకున్నాను. మధ్యాహ్నం టైలర్ లైన్‌లోకి వచ్చాడు. మానవ్ ఎవరెవరితో మాట్లాడాడో ఏమో, ఇరవై నిమిషాలు ఇప్పించాడు. ఇరవయ్యో నిమిషంలో లైన్ తెగిపోయింది. అప్పుడు కేలీ నొప్పికి కాకుండా మొదటిసారి ఏడ్చింది. నేను చూడకూడని ఏడుపది, నా మూలాన వచ్చిన ఏడుపు. గోడ వంక చూస్తూ ఆమె చెయ్యి గట్టిగా పట్టుకున్నాను.

ఐదు దాటాక ఆడపిల్ల పుట్టింది. డాక్టరమ్మ బొడ్డుతాడుకి రెండు క్లిప్పులు పెట్టి, అలవాటుగా కత్తెర చాచి, "నాన్నగారు?" అంది. 

"ఆవిడ" అంది కేలీ నావైపు తల తిప్పి.

"అది టైలర్ చెయ్యాల్సిన పని. నాకు ఆ హక్కు లేదు" అన్నాను.

"లేదు. అయినా మీరే చెయ్యాలి. ఎవరు కోశారని టైలర్ అడుగుతాడు. ఎవరో నర్సని చెప్పడం నాకిష్టం లేదు. మీ పేరు చెబుతాను."

కత్తెర తీసుకున్నాను. ఆ తాడు నేననుకున్నదానికన్నా గట్టిగా ఉంది. ఒక్క నొక్కుకి తెగలేదు. రెండోసారి తెగింది. పిల్ల కెవ్వుమంది. నేనూ ఏడ్చాను, చాటు లేకుండా. నా కొడుకు పుట్టినప్పుడు కూడా అలా ఏడవలేదు. పిల్లని తుడిచి, గుడ్డలో చుట్టి కేలీ గుండెల మీద పడుకోబెట్టారు.

కాసేపటికి బల్ల మీద కేలీ ఫోన్ మోగింది. మానవ్ టైలర్‌కి మళ్ళీ లైన్ ఇప్పించినట్టున్నాడు. ఆమె చేతులు ఖాళీగా లేవు. "మీరు తీయండి" అంది.

తీశాను. "టైలర్, నేను కెప్టెన్ మానవ్ తల్లిని. నీకు కూతురు పుట్టింది. ఇద్దరూ బాగున్నారు. నువ్వు ఉండాల్సిన చోట నేనున్నాను" అన్నాను.

 కోపగించుకుంటాడని ఎదురుచూశాను. కోపగించుకోలేదు.

"ఎలా ఉంది, మేడమ్?" అన్నాడు. "మీకు కనిపిస్తున్నది చెప్పండి."

కళ్ళజోడు తుడుచుకుని, మంచం మీదికి వంగాను. జుట్టు తడిగా, గోధుమరంగులో ఉందని చెప్పాను. ఎడమ చెవి అంచు కొంచెం మడతపడి ఉందని చెప్పాను. కుడిచేతి వేళ్ళు ఐదు, ఎడమచేతి వేళ్ళు ఐదు, గోళ్ళు ఎంత చిన్నవో చెప్పాను. పైపెదవి మీద పాలపొక్కులాంటిది ఒకటుందని, గడ్డం మీద సొట్ట ఉందని చెబితే, అది నాదే అన్నాడు. పాదాలు ముడుచుకుని ఉన్నాయని, ఇప్పుడే ఒకటి చాచిందని, మళ్ళీ ముడుచుకుందని చెప్పాను. అతను చాలు అనేదాకా చెబుదామనుకున్నాను. అతను చాలు అనలేదు.